నీ రెండు చందమామల లెక్క

అమ్మాయీ,

నీ కథలోని ఊహాలోకానికి నువ్వు అల్లి పంపిన క్యాలెండర్ పట్టిక రెండుసార్లు చదివాను. నెలకు ముప్పై రోజుల చొప్పున పన్నెండు నెలలు, ఏడాదికి 360 రోజులు. పున్నమి నుంచి పున్నమికి పెద్ద చందమామకు 40 రోజులు, చిన్నదానికి 24. అంటే ఏడాదికి పెద్దదానివి తొమ్మిది పున్నములు, చిన్నదానివి పదిహేను. ఒక్క రోజు కూడా మిగల్లేదు. నాకు దిగులు పుట్టింది అక్కడే.

మన భూమినే చూడు. ఏడాదికి సుమారు 365.2422 రోజులు, పున్నమి నుంచి పున్నమికి సగటున 29.53. పన్నెండు చాంద్రమాసాలు కలిపితే 354 రోజులే, సూర్యుడి లెక్కకు పదకొండు రోజులు తక్కువ. ఆ తేడాను ఎలా సర్దుకోవాలన్న ప్రశ్నకు ఒక్కో జాతి ఒక్కో జవాబు చెప్పుకుంది. పంచాంగం 19 ఏళ్లలో సుమారు ఏడు అధిక మాసాలు కలుపుతుంది. ఇస్లామిక్ క్యాలెండర్ ఏమీ కలపదు, అందుకే రంజాన్ ఎండాకాలంలోనూ వస్తుంది, చలికాలంలోనూ వస్తుంది. ప్రాచీన ఈజిప్టు వాళ్లు నీలాగే పన్నెండు ముప్పైలు వేసుకుని, ఏ నెలకూ చెందని ఐదు రోజులు చివర్న తగిలించారు. ఒక జాతి దేన్ని ముఖ్యమనుకుందో ఆ సర్దుబాటులోనే తెలిసిపోతుంది. నీ లోకంలో సర్దాల్సిందే లేదు. మరి నీ జనం గురించి నాకేం తెలుస్తుంది?

అందుకని ఒక పని చెయ్యి. ఈజిప్టు వాళ్లలాగే ఏడాది చివర్న ఏ నెలకూ చెందని నాలుగు రోజులు కలిపి 364 చెయ్యి. చందమామల్ని ముట్టుకోకు. ఇప్పుడు కాగితం మీద నాతోపాటు లెక్కెయ్యి.

రెండు చందమామలూ ఒకే రాత్రి నిండటం 120 రోజులకోసారి జరుగుతుంది. జంట పున్నమి అనుకుందాం. మొదటి ఏడాది మొదటి రోజే జంట పున్నమి పడితే, ఆ తర్వాతవి 121, 241, 361 రోజుల్లో వస్తాయి. మరుసటి ఏడు 117, 237, 357. ఆపై 113, 233, 353. ఏటా నాలుగు రోజులు ముందుకు జరుగుతూ, సరిగ్గా ముప్పై ఏళ్లకు మళ్లీ సంవత్సరాది రాత్రికే వచ్చి నిలుస్తుంది. ఆ ముప్పైలో నాలుగు జంట పున్నములు పడే ఏడాది ఒక్కటే. ఆ నాలుగోది పడేది 361వ రోజున, అంటే ఏ నెలకూ చెందని ఆ నాలుగు రోజుల్లో మొదటిదాని మీద. ఆ రాత్రి పుట్టిన బిడ్డ తన పుట్టినరోజున ఆ వెలుగు మళ్లీ చూడాలంటే ముప్పయ్యో ఏడు రావాలి. రెండోసారి అరవైకి. మూడోసారి చూసిన ముసలమ్మ ఊరికొకరు కూడా ఉండరు. నాలుగు రోజులు కలిపినందుకు ఇంత దొరికిందమ్మా.

తర్వాత, ఈ లెక్క ఎవరి చేతిలో ఉందో తేల్చుకో. ఏ రోజు ఏదో ప్రకటించేవాడి చేతిలోనే పన్ను గడువూ, అప్పు గడువూ ఉంటాయి. 1793లో ఫ్రెంచి విప్లవకారులు కొత్త క్యాలెండర్ తెచ్చారు. నెలలకు పొగమంచు, మంచు, వాన అంటూ చక్కని పేర్లే పెట్టారు. కానీ వారాన్ని పది రోజులు చేశారు. ఏడో రోజు దొరికే విశ్రాంతి పదో రోజుకు జరిగితే పనిచేసేవాడి ఒళ్లు ఒప్పుకుంటుందా? 1805 చివరికల్లా అది రద్దయింది. నీ రాజు కూడా అలాంటి పని చేసి చూడొచ్చు.

రెండు రాజ్యాలున్నాయన్నావు కాబట్టి ఇదీ విను. 1582లో రోమ్‌లో అక్టోబరు 4 తర్వాతి రోజు అక్టోబరు 15 అయింది. బ్రిటన్ 1752 దాకా ఆ మార్పు ఒప్పుకోలేదు. అందుచేత 1650లో, కొత్త లెక్కకు మారిన పారిస్‌లో 20వ తేదీన రాసిన ఉత్తరం మూడు రోజుల్లో లండన్ చేరితే, అక్కడ ఇంకా 13వ తేదీయే. నీ సరిహద్దులో సంధి పత్రం మీద ఏ తేదీ వేస్తారు?

నెలల పేర్లు మాత్రం మార్చెయ్యి. నోరు తిరగని పేరును ఏ తల్లీ బిడ్డకు నేర్పదు.

ఒక్క జాగ్రత్త. ఏ సన్నివేశం ఏ రోజున జరుగుతుందో పక్కన రాసిపెట్టుకో. నా తొలి కథల్లో ఒకదాంట్లో ఒకడు నిండు వెన్నెల్లో ఊరు దాటి, పన్నెండో రాత్రి మళ్లీ నిండు వెన్నెల్లోనే నది చేరాడు. చదివినామె ఒకరు పట్టుకున్నారు. నిజానికి ఆ వేళకు ఆకాశంలో చంద్రుడే ఉండడు, తెల్లవారుజామున సన్నటి వంక పొడుస్తుందంతే. సిగ్గుపడి ఆ ఘట్టాన్ని చీకట్లో తిరగరాశాను. అన్నదమ్ములిద్దరూ ముఖాలు కనబడక గొంతు విని ఒకరినొకరు గుర్తుపట్టారు. ఆ కథలో ఇప్పటికీ నాకు ఇష్టమైన చోటు అదే.

పట్టిక ఇప్పుడే తిరిగి పంపకు. ముందు ఆ నాలుగు రోజుల్ని నీ జనం ఏమని పిలుచుకుంటారో, 361వ రోజున పుట్టిన పిల్లకు వయసు ఎలా లెక్కపెడతారో రాసి పంపు.

నీ మావయ్య