నటన నేర్పేవాళ్లంటే నటనలో నెగ్గనివాళ్లా?

ప్రశ్న: మా తమ్ముడికి డిగ్రీ అయిపోయింది. ఉద్యోగం వెతుక్కోరా అంటే యాక్టింగ్ స్కూల్లో చేరతానంటాడు. మా బాబాయేమో "పైకి రాలేని నటులే కదమ్మా పాఠాలు చెప్పేది, వాళ్ల దగ్గర వీడేం నేర్చుకుంటాడు?" అంటున్నారు. నిజమేనా సార్?
– ఒక పాఠకురాలు, కూకట్‌పల్లి

జవాబు: మీ బాబాయిగారి మాట నేను ఒప్పుకోనమ్మా. దేవదాస్ కనకాల గారి పేరు వినే ఉంటారు. ఇప్పటివాళ్లకు ఆయన రాజీవ్ కనకాల నాన్నగారిగా, సుమ మామగారిగానే తెలుసు, ఆ సంగతి తలుచుకుంటే నాకు బాధేస్తుంది. 1945లో యానాం కనకాలపేటలో పుట్టి, స్టేజీ మీద నాటకాలాడి, పుణే ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో చదువుకుని, 1969లో వచ్చిన బాపు గారి 'బుద్ధిమంతుడు'లో నటించిన మనిషి. తర్వాత మద్రాసులో నటన పాఠాలు చెప్పారు. చిరంజీవి, రాజేంద్రప్రసాద్ ఆయన దగ్గర నేర్చుకున్నవాళ్లే. అప్పటికి గురువుగారి వయసు ముప్పై దాటి ఎంతో కాలేదు. వేషాలన్నీ అయిపోయాక కాలక్షేపానికి పెట్టుకున్న పని అయితే ఆ వయసులో ఎందుకు మొదలుపెడతారు చెప్పండి? పాఠాలు చెబుతూనే 1978లో 'చలిచీమలు' సినిమాకు దర్శకత్వం వహించారు, పరుచూరి సోదరులు రచయితలుగా వెలుగులోకి వచ్చింది ఆ సినిమాతోనే. తర్వాత సినిమాల్లో, టీవీలో నటించారు, హైదరాబాద్‌లో భార్య లక్ష్మీదేవి గారితో కలిసి నటన శిక్షణ ఇచ్చారు. ఆవిడా నటే, ఆవిడా గురువే, ఆ మాట ఎవరూ చెప్పకపోవడం అన్యాయం. 2019 ఆగస్టు 2న కన్నుమూసేదాకా ఆయన నటుడే, మాస్టారే.

అసలు నేర్పడం ఎంత కష్టమో క్లాసులో కూర్చుంటే తెలుస్తుంది. నేను చూసిన ఓ క్లాసులో మాస్టారు పిల్లలకు ఒకే ఒక్క మాట ఇచ్చారు: "ఎప్పుడొచ్చారు?" ఈ మాటే అప్పులవాడితో అనాలి, పెళ్లిచూపులకొచ్చిన అబ్బాయి వాళ్ల అమ్మతో అనాలి, చాలా ఏళ్లకు కనబడిన మాస్టారితో అనాలి. ఓ కుర్రాడు గొంతు భలే మార్చాడు, మేమంతా చప్పట్లు కొట్టేశాం. ఆయన మాత్రం "గొంతు సరే, మూడుసార్లూ ఎడమ చేత్తో ఆ చొక్కా బొత్తామే తిప్పుతున్నావేంట్రా?" అన్నారు. అది మా ఎవరికీ కనబడలేదు! ఆ కన్ను తానూ స్టేజీ ఎక్కినవాడికి, నలుగురిని నడిపించిన దర్శకుడికి వస్తుంది. మీ తమ్ముడిని పంపండి, కానీ ఫీజు కట్టేముందు ఒక రోజు క్లాసులో కూర్చోనివ్వమని అడగమనండి. కుదరదంటే వేరే చోటు చూసుకోమనండి.

ప్రశ్న: పదేళ్లుగా పరిషత్తు నాటకాలు ఆడుతున్నాను. ఈమధ్య ఒక సీరియల్లో చిన్న వేషం వచ్చింది. డైరెక్టర్ గారు ప్రతి షాట్‌కీ "తగ్గించండి, తగ్గించండి" అంటున్నారు. టెన్షన్‌తో డైలాగే మర్చిపోతున్నా.
– ఒక నటుడు, చిక్కడపల్లి

జవాబు: ఆయన తగ్గించమన్నది సైజునే, లోపలి భావాన్ని కాదు. చాలామంది స్టేజీ నటులు ఇక్కడే రెండూ కలిపి తగ్గించేసి చప్పగా అయిపోతారు. రవీంద్రభారతిలో ఆఖరి వరసలో కూర్చున్నాయనకు మీ కోపం చేరాలంటే భుజాలు, చేతులు, గొంతు అన్నీ పనిచేయాలి. క్లోజప్‌లో ఆ ఆఖరి వరస మీ ముక్కు ముందుకొచ్చి కూర్చుంటుంది, కనుబొమ్మ కాస్త లేచినా ఎక్కువైపోతుంది. అందుకని షాట్‌కి ముందు ఫ్రేమ్ ఎక్కడిదాకా ఉందో కెమెరామన్‌ను అడగండి, అందులో నామోషీ ఏమీ లేదు. నడుం దాకా అంటే ఒకలా, మొహం వరకే అంటే ఇంకోలా చేయండి. ఇక డైలాగ్ సంగతి. నాటకానికి నెలల తరబడి రిహార్సల్ చేసే అలవాటు మీది, సీరియల్లో సీను పేపరు అప్పటికప్పుడు చేతికొస్తుంది, పక్కనుంచి ప్రాంప్టింగ్ వినబడుతూ ఉంటుంది. ప్రాంప్టర్ మాట కోసం ఎదురుచూసే నటుడి కళ్లు ఖాళీగా ఉంటాయి, అది చూసేవాళ్లకు ఇట్టే తెలిసిపోతుంది. ఎదుటి పాత్ర ఏమంటోందో వింటూ ఉండండి, మీ మాట దానంతటదే అందుతుంది. నాటకాలు మాత్రం మానకండి, దయచేసి.

ప్రశ్న: నటనలో యూనివర్సిటీ చదువు హైదరాబాద్‌లో ఉందా? అది చదివితే టీచర్ ఉద్యోగం వస్తుందా?
– ఒక విద్యార్థి, ఉప్పల్

జవాబు: ఉంది. గచ్చిబౌలిలో హైదరాబాద్ విశ్వవిద్యాలయం వారి థియేటర్ ఆర్ట్స్ విభాగంలో రెండేళ్ల పీజీ ఉంది, తెలుగు విశ్వవిద్యాలయంలోనూ రంగస్థల కళల శాఖ ఉంది. ఢిల్లీ నేషనల్ స్కూల్ ఆఫ్ డ్రామాలో అయితే మూడేళ్ల డిప్లొమా. ఉద్యోగం గ్యారంటీ అని నేను చెప్పలేను బాబూ. చదువుతూనే ఏదో ఒక స్కూల్లో పిల్లలతో వార్షికోత్సవం నాటకం ఒకటి వేయించు. ముప్పై మంది పిల్లల్ని ఒక్క స్టేజీ మీద నిలబెట్టగలిగావంటే ఆ పని నీకు సరిపడుతుందో లేదో ఎవరినీ అడగక్కర్లేదు.