పాఠకుల ప్రశ్నలు: బంకు దగ్గరి ఇద్దరు

ప్రశ్న: 'వాచ్‌మెన్' కామిక్ ఈ మధ్యే చదివాను. అణుయుద్ధాన్ని ఆపడానికి ఏడ్రియన్ వైట్ ఒక వింత జీవిని సృష్టించి, గ్రహాంతర దాడి అని లోకాన్ని నమ్మించి, న్యూయార్క్‌లో సగం మందిని చంపేస్తాడు. యుద్ధం ఆగుతుంది. మిగతా వీరులు నోరు మూసుకుంటారు. ఇది హంతకుడి గెలుపు కాదా? రాత్రంతా నిద్ర పట్టలేదు. – ఒక పాఠకురాలు, తెనాలి

జవాబు: మొదటిసారి చదివిన రాత్రి నాకూ పట్టలేదమ్మా.

పదకొండో సంచిక చివరి పుటలు ఒకసారి మళ్ళీ తెరవండి. కూడలిలో పత్రికలమ్మే పెద్దాయన, ఆయన బంకు పక్కన చతికిలబడి డబ్బివ్వకుండా సముద్రపు దొంగల కామిక్ చదివే కుర్రాడు గుర్తున్నారు కదా. పెద్దాయన లోకం సంగతులన్నీ చెబుతూనే ఉంటాడు, కుర్రాడు పుస్తకంలోంచి తల ఎత్తడు. ఇద్దరి పేరూ బెర్నార్డేనని వాళ్ళకు తెలిసేసరికి కథ చివరికొచ్చేస్తుంది. అంతలోనే ఆ వెలుగు. ఇద్దరూ ఒకరినొకరు పట్టుకుంటారు. గడి గడికీ రెండు ఆకారాలూ కరిగి ఒకటవుతాయి. ఆఖరికి మిగిలేది ఉత్త తెలుపు.

మా నాన్నగారు బస్టాండులో పుస్తకాల బంకు నడిపేవారు. నిలబడే పత్రికంతా చదివేసి వెళ్ళిపోయే పిల్లల్ని కసిరేవారు. కసురుతూనే, వాళ్ళ మీద ఎండ పడుతుంటే గోనెపట్టా అటువైపు లాగేవారు. ఆ తెల్లటి గడి చూస్తే నాకు ఆ గోనెపట్టా గుర్తొస్తుంది.

పన్నెండో సంచిక తొలి ఆరు పుటల్లో పుటకొక్కటే బొమ్మ. పుస్తకమంతటా పుటకు తొమ్మిది గడుల లెక్కను పట్టుకుని వచ్చిన చిత్రకారుడు డేవ్ గిబ్బన్స్ ఇక్కడ ఆ లెక్క వదిలేశాడు. ఆ ఆరు పుటల్లో ఒక్క మనిషీ మాట్లాడడు. శవాల మధ్య ఆ బంకు కనిపిస్తుంది. వైట్ లెక్కలో వాళ్ళు ఒక అంకె. మనకు మాత్రం పేర్లు తెలుసు. రచయిత అలన్ మూర్ అన్ని సంచికల పాటు ఆ కూడలిని మనకు పరిచయం చేసింది ఇందుకేనని నా నమ్మకం.

'చివరికి నేను చేసింది సరైనదేగా' అని వైట్ అడిగితే, ఏదీ ఎప్పటికీ ముగియదని చెప్పి, అతీతశక్తులున్న డాక్టర్ మన్‌హటన్ మాయమవుతాడు. గెలిచినవాడికి దక్కిన జవాబు అది. నోరు మూసుకున్న వీరులు డాన్, లారీల మౌనాన్ని నేను తప్పుపట్టలేను. నిజం చెబితే మళ్ళీ యుద్ధం రావచ్చు. కానీ ఆ మౌనం నిలవడానికి ఇంకో చావు కావలసి వచ్చింది. రాజీపడనన్న ముసుగు వీరుడు రోర్షాక్‌ను, వైట్ స్థావరం బయటి మంచులోనే మన్‌హటన్ చంపేస్తాడు. వైట్‌ను మాత్రం నేను క్షమించలేను. ఆ బంకు దగ్గర ఒక్క పూట నిలబడి ఉంటే అతను ఆ పని చేయగలిగేవాడా?

వైట్‌ను అనుమానిస్తూ రోర్షాక్ రాసిన డైరీ అప్పటికే ఒక చిన్న పత్రిక కార్యాలయానికి చేరింది. అక్కడి సహాయకుడు సేమూర్ చెయ్యి ఆ డైరీ వైపు వెళ్తుండగానే కథ ఆగిపోతుంది.

ప్రశ్న: 2009లో వచ్చిన సినిమాలో ముగింపు మార్చారు. అదే మెరుగని మా మిత్రులంటారు. మీరేమంటారు? – ఒక పాఠకుడు, వరంగల్

జవాబు: ఒప్పుకోను. సినిమాలో నింద మన్‌హటన్ మీద పడుతుంది. కానీ ఆయన అన్నేళ్ళూ అమెరికా చేతిలో ఆయుధం. సోవియట్లు అమెరికాను వదిలి ఆయన ఒక్కడినే ఎందుకు తప్పుపడతారు? కామిక్‌లోని జీవికి ఏ దేశమూ లేదు, అందుకే రెండు వైపులా భయపడ్డారు.

ఆ ఉపాయం మరీ కొత్తదేమీ కాదు. 1963లో 'ది ఔటర్ లిమిట్స్' అనే టీవీ ధారావాహికలోని ఒక భాగంలో ఇలాంటి కథే వచ్చింది. 'వాచ్‌మెన్' సంపాదకుడు లెన్ వీన్ అభ్యంతరం చెప్పినా మూర్ మార్చలేదు. పైగా దాన్ని దాచనూ లేదు. ఆఖరి సంచికలో లారీ తల్లి శాలీ దగ్గరున్న టీవీలో వచ్చేది ఆ ధారావాహికే. ఈసారి చదివేటప్పుడు ఆ గడి దగ్గర కాస్త ఆగి చూడండి.