పుచ్చిన చెక్క ముందు కనబడాలి

చిరంజీవికి ఆశీస్సులు.

నీ హాస్యకథ చదివాను. తహసీల్దారుగారు నూతిలో పడిన ఘట్టానికి అన్ని విశేషణాలు తగిలించినా నవ్వు రాకపోవడానికి ఒకటే కారణం: నూతి మీద కప్పిన చెక్క పుచ్చిపోయిందన్న సంగతి ఆయన పడ్డాకగాని నీవు మాకు చెప్పలేదు.

సినిమా పుట్టిన రోజుల్లో, 1895లో, ఫ్రాన్సులో లూయీ లూమియేర్ తీసిన తోటమాలి చిత్రం చూడు; నిమిషం నిడివి కూడా లేదు. తోటమాలి గొట్టంతో మొక్కలు తడుపుతుండగా ఒక కుర్రవాడు వెనుకగా వచ్చి గొట్టాన్ని తొక్కిపెడతాడు. నీళ్లు ఎందుకు ఆగాయో తెలియక అతడు గొట్టం మూతిలోకి తొంగిచూసే సమయానికి కుర్రవాడు కాలు తీసేస్తాడు. ఆ కాలు తోటమాలికి కనబడదు, మనకు కనబడుతుంది. ముఖం తడవకముందే మనం నవ్వడానికి సిద్ధమై ఉంటాం. ఇంకొకటి గమనించు. పారిపోతున్న కుర్రవాణ్ణి దొరికినచోటనే కొట్టవచ్చు గదా, తోటమాలి అతణ్ణి కెమెరా ముందుకు ఈడ్చుకొచ్చి మరీ వాయిస్తాడు. కెమెరా కదలదు మరి! నీవేమో అసలు రభసను "తరువాత పెద్ద గొడవ జరిగింది" అన్న ఒక్క వాక్యంలో దాటవేశావు.

అతిశయోక్తికి భయపడకు. పాతే అనే ఫ్రెంచి సినిమా సంస్థ 1907లో తీసిన ఒక చిత్రంలో మాంసం ఎత్తుకుపోయిన కుక్కను తరుముతూ పోలీసులు నిట్టనిలువు గోడ పాకుతారు. చివరికి ఆ కుక్కే వాళ్లను తరుముతుంది. దర్శకుడు జాఁ దురాఁ 1912లో గోమోఁ సంస్థకు తీసిన చిత్రంలో ఒనెజిమ్ అనేవాడికి వారసత్వపు సొమ్ము 20 ఏళ్ల తరువాతగాని చేతికి రాదు; అంతకాలం ఆగలేక అతడు పారిస్ గడియారాలను నడిపించే యంత్రాన్నే వేగం పెంచేస్తే, ఊరంతా ఆ వేగంతోనే బతకడం మొదలుపెడుతుంది. నమ్మమని అడిగిన అబద్ధం ఒక్కటే, మిగిలినదంతా దాని లెక్క ప్రకారమే నడిచింది. నీ కథలో మాత్రం పేరాకొక కొత్త వింత పుట్టుకొస్తోంది.

ఇక తహసీల్దారుగారి సంగతి. పట్టు టోపీ, చేతికర్ర, మడత నలగని కోటుతో వచ్చే మూకీల నాటి ఫ్రెంచి హాస్యనటుడు మాక్స్ లిండర్‌ను చూడు. చాప్లిన్ అంతటివాడు తాను ఇతని శిష్యుణ్ణని చెప్పుకున్నాడు. లిండర్ ఎంత అవస్థపడుతున్నా ఆ దర్జా వదలడు, అందుకే అతని ప్రతి పాటూ నవ్విస్తుంది. నీ తహసీల్దారు మొదటి పుటలోనే వెకిలిగా ఉన్నాడు, ఇక నూతిలో పడి పోగొట్టుకునేదేముంది? ఆయనకు ఇస్త్రీ బట్టలు తొడిగి, నాలుగు గంభీరమైన మాటలు పలికించి, నూతివైపు నెమ్మదిగా నడిపించి, ఆ ఘట్టం మళ్లీ రాసి పంపు.

ఇట్లు,
నీ శ్రేయోభిలాషి