విజయవాడ స్టేషన్‌లో చెయ్యి చాచే పిల్లలకు డబ్బులివ్వొచ్చా?

డబ్బులివ్వాలా, టిఫిన్ పెట్టించాలా అని అడిగారు. తారాపేట గేటు వైపు మా బాబాయికి టిఫిన్ బండి ఉండేది. డిగ్రీ మూడేళ్లూ పొద్దునపూట గల్లాపెట్టె నాదే. అక్కడ చూసింది చెబుతాను.

డబ్బులు మాత్రం వద్దు. పాడుచేసుకుంటారని కాదు, వాళ్లకు దాచుకునే చోటు లేదు. పగలంతా ఖాళీ నీళ్ల సీసాలు ఏరి కాటాకు వేసి, బోగీల్లో ఒంటిమీద చొక్కా విప్పి దానితోనే నేల తుడిచి సంపాదించింది, కన్ను మూతపడితే పెద్ద కుర్రాళ్ల పాలే. అందుకే పడుకునేలోపు సినిమాకో, బిర్యానీకో, పంక్చర్లకు వాడే సొల్యూషన్‌కో ఖర్చయిపోవాలి. అది గుడ్డకు రాసి పీలిస్తే ఆకలి తెలియదట.

ఒకడు మాత్రం "అన్నా, ఇవి నీ దగ్గరుంచు" అని రోజూ చిల్లర తెచ్చిచ్చేవాడు. పదేళ్లుంటాయేమో. ఖాళీ హార్లిక్స్ సీసాలో వేసేవాణ్ణి. మర్నాడొచ్చి సీసా బోర్లించి, మొత్తం లెక్కపెట్టుకుని మళ్లీ నాకే ఇచ్చేవాడు. ఓసారి మా బాబాయి చిల్లర తీసుకుని నోటు వేస్తే ఎంత గొడవ చేశాడో! పేరడిగితే మాత్రం వారానికొకటి చెప్పేవాడు.

తిండి పెట్టించండి, కానీ పార్సిల్ వద్దు. మీ ఎదురుగా ప్లేటులో తిననివ్వండి. పొట్లమిస్తే మలుపు తిరిగేలోపు ఇంకొకడి చేతిలో ఉంటుంది.

అసలు చూడాల్సింది కొత్తగా దిగినవాళ్లని. కాళ్లకు చెప్పులు, నూనె రాసి దువ్విన తల, ఒక్కోసారి భుజాన స్కూల్ బ్యాగు. ఇంట్లో కొట్టారనో, పరీక్ష పోయిందనో రైలెక్కేస్తారు. చెన్నై, హైదరాబాద్, వైజాగ్ లైన్లు కలిసే జంక్షన్ కదా, ఇక్కడ దిగుతారు. వారం గడిస్తే చెప్పులుండవు, జట్టు కుదురుతుంది, ఇక ఇంటికి రమ్మన్నా రారు. అలాంటివాడు కనిపిస్తే వెంటనే పిల్లల హెల్ప్‌లైన్ 1098కి ఫోన్ చేయండి, లేదా ప్లాట్‌ఫాం మీదున్న ఆర్‌పీఎఫ్ (రైల్వే రక్షణ దళం) వాళ్లకు చెప్పండి. 2015 నాటి బాలల న్యాయ చట్టం ప్రకారం పిల్లాణ్ణి వాళ్లు 24 గంటల్లోపు బాలల సంక్షేమ కమిటీ ముందుకు తీసుకెళ్లాలి.

ఫోన్ చేశాక, వాళ్లొచ్చేదాకా పిల్లాడి పక్కనుంచి కదలకండి. నేనోసారి టీ తెద్దామని ఐదు నిమిషాలు పక్కకెళ్లాను. తిరిగొచ్చేసరికి బెంచీ ఖాళీ. ఎదురు ప్లాట్‌ఫాం మీద మచిలీపట్నం ప్యాసింజర్ కదులుతోంది.