కాలాన్ని వెనక్కి తిప్పినవాడికి ఏ శాపం పెట్టాలి?

కథలు రాసేవాళ్ళ ప్రశ్నలు – జవాబులు

ప్రశ్న: నేనొక నవల రాస్తున్నానండీ. హీరో సుల్తాన్ బజార్‌లో గడియారాలు బాగుచేస్తుంటాడు. కాలాన్ని వెనక్కి తిప్పే మంత్రం ఒక గురువు దగ్గర నేర్చుకుంటాడు, వెళ్ళి చూడొచ్చు కానీ దేన్నీ మార్చకూడదని షరతు. వాడు 1908 మూసీ వరదలోకి వెళ్ళి తన ముత్తవ్వ తమ్ముణ్ణి, ఐదేళ్ళ పిల్లాణ్ణి, కాపాడేస్తాడు. దానికి శాపంగా ఒక్కసారిగా పదేళ్ళు ముసలివాడైపోతాడని రాశాను. చదివిన ఫ్రెండ్స్ బాగుంది కానీ ఏమీ అనిపించలేదంటున్నారు. ఇంకా భయంకరమైన శాపం పెట్టాలా?
– ఒక పాఠకురాలు, ఉప్పల్

జవాబు: ఎంత భయంకరం చేసినా లాభం లేదండీ. మీరు పెట్టింది శాపం కాదు, ట్రాఫిక్ చలానా. తప్పు చేశాడు, పదేళ్ళు కట్టాడు, అయిపోయింది. చేసిన పనికీ పడిన శిక్షకీ సంబంధమే లేనప్పుడు పదేళ్ళ బదులు కళ్ళు పోయినా కథ మారదు.

కాలం జోలికి వెళ్ళినవాళ్ళ కథలు మన దగ్గర ఏనాటి నుంచో ఉన్నాయి కదా. శుక్రాచార్యుడి శాపంతో ముసలివాడైన యయాతికి యౌవనం ఊరికే తిరిగి రాలేదు, కొడుకు పూరుడు తనది ఇచ్చేసి ఆ ముసలితనం తను తీసుకున్నాడు. తెల్లవారితే నీ మొగుడు చస్తాడని మాండవ్యుడు శపిస్తే సుమతి అసలు సూర్యుడే ఉదయించకూడదంది, భర్త బతికాడు కానీ లోకమంతా చీకట్లో అల్లాడిపోయింది. రెండు కథల్లోనూ కాలాన్ని ఎవరూ కొత్తగా పుట్టించలేదు, ఇంకొకరి దగ్గర నుంచి లాక్కున్నారు, లేదా అడిగి తెచ్చుకున్నారు. మరి మీ హీరో ఎవరి దగ్గర నుంచి తెచ్చాడు? ఆ మనిషి మీ నవల్లో ఎక్కడా లేడు. లోటు అక్కడే ఉంది.

ఆ మనిషి మీకు ఎక్కడ దొరుకుతాడో చెప్తాను. 1908 సెప్టెంబర్ 28న వరద ముంచెత్తినప్పుడు అఫ్జల్‌గంజ్‌లో, ఇప్పటి ఉస్మానియా ఆస్పత్రి ఆవరణలో ఉన్న చింతచెట్టెక్కి దాదాపు 150 మంది బతికారు. ఒకసారి వెళ్ళి ఆ చెట్టు కింద నిలబడి పైకి చూడండి, కొమ్మల మీద అంతమంది అంటే ఎంత ఇరుకో తెలుస్తుంది. మీ హీరో పిల్లాణ్ణి తెచ్చి ఒక కొమ్మ మీద కూర్చోబెట్టాడు సరే, ఆ కొమ్మ పట్టుకుని బతకాల్సిన ఆడమనిషి నీళ్ళలో పోయింది. హీరో ఇవాళ్టికి తిరిగొస్తాడు. పక్క షాపులో రోజూ తనతో కలిసి చాయ్ తాగే దోస్త్ లేడు, ఆ షాపు వేరేవాళ్ళది, అలాంటి మనిషి పుట్టినట్టే ఎవరికీ తెలీదు, ఎందుకంటే వాడు ఆమె మునిమనవడు. ఆ పేరు గుర్తున్నది హీరో ఒక్కడికే. గురువు నోరు తెరిచి శపించనక్కర్లేదు, ఈ గుర్తుండిపోవడమే శాపం.

ఇంకో మాట. కళ్ళెదుట మునిగిపోతున్న పిల్లాణ్ణి తీయడం తప్పెలా అవుతుందని చదివేవాళ్ళు హీరో తరఫున గురువుతో గొడవపడాలి. అందుకే ఆ పిల్లాడి సీన్ ఏమాత్రం తగ్గించకండి.

ప్రశ్న: శాపం పెడితే విమోచనం కూడా చెప్పి తీరాలా? చెప్పకపోతే పాఠకులు ఒప్పుకోరేమో అని టెన్షన్‌గా ఉంది.
– ఒక పాఠకుడు, మల్కాజిగిరి

జవాబు: చెప్పండి, కానీ తేలిగ్గా వదలకండి. యయాతికి శుక్రుడే దారి చూపించాడు, ఇష్టపడి తీసుకునేవాళ్ళుంటే ముసలితనం ఇచ్చేయొచ్చని. ఆ దారే అసలు బాధ, తండ్రి వెళ్ళి ఒక్కొక్క కొడుకునీ అడుక్కోవాల్సి వచ్చింది. పైన ఉప్పల్ పాఠకురాలి కథలోనూ అంతే, వెనక్కి వెళ్ళి పిల్లాణ్ణి మళ్ళీ నీళ్ళకు వదిలేస్తే దోస్త్ తిరిగొస్తాడు. కానీ ఈలోపు ఆ పిల్లాడి సంతానం నాలుగు తరాలు పెరిగింది, హీరోకి వరసకు అన్నలు, వదినలు, వాళ్ళింట్లో పసిపాప కూడా ఉంది. విమోచనం చేతిలోనే ఉండి వాడుకోలేకపోవడం కన్నా పెద్ద శిక్ష నాకైతే తోచదు.

ప్రశ్న: వరద రోజు హీరో మొజంజాహీ మార్కెట్ గడియారంలో టైమ్ చూసి పరిగెత్తినట్టు రాశాను. ఓకేనా?
– ఉప్పల్ పాఠకురాలే

జవాబు: కుదరదండీ, ఆ మార్కెట్ 1935లో వచ్చింది. చార్మినార్ మీది గడియారాలు పెట్టండి, అవి 1889 నుంచీ ఉన్నాయి. కాకపోతే చార్మినార్ ఏటికి ఇవతల, అఫ్జల్‌గంజ్ అవతల, మధ్యలో వంతెన కొట్టుకుపోయింది. హీరో అంతకుముందే దాటేసేలా టైమ్ సరిచూసుకోండి.