లా చదివి ఎమ్మెల్యే అవుతానంటున్నాడు, ఏం చేయాలి?

ప్రశ్న: మా అబ్బాయి ఇంటర్ సెకండియర్. లాయరై, తర్వాత ఎమ్మెల్యేగా పోటీ చేస్తానంటున్నాడు. మా వంశంలో వార్డు మెంబరుగా నిలబడినవాళ్లు కూడా లేరు. లా తప్పదంటే విశాఖలోని నేషనల్ లా యూనివర్సిటీలో చేర్చి కార్పొరేట్ వైపు పంపాలనుకుంటున్నాను. ఇంటర్ తర్వాత ఐదేళ్ల లా మంచిదా, డిగ్రీ చేశాక మూడేళ్ల లా మంచిదా? రాజకీయాల పిచ్చి వదిలేలా వాడికి మీరైనా నాలుగు మాటలు చెప్పండి.
– ఒక తండ్రి, కర్నూలు జిల్లా

జవాబు: ఆ నాలుగు మాటలు ముందు మీకే చెప్పాలండీ. మీరు కోర్సుల గురించి అడిగింది ఒక్క వాక్యమే, మిగతాదంతా భయం. కొడుకు ఏదో ఒక పార్టీ జెండా మోస్తూ తిరిగి, ముప్ఫై ఏళ్లకు ఎటూ కాకుండా పోతాడేమోనని మీ టెన్షన్. ఏటా ఇంటర్ రిజల్ట్స్ రోజుల్లో నాకు ఇదే ప్రశ్న వస్తుంది.

ఎమ్మెల్యే పదవిని నమ్ముకుని ఎవరూ సంసారం ప్లాన్ చేసుకోకూడదు. పోటీకి 25 ఏళ్లు నిండితే చాలు. కానీ ఆంధ్రప్రదేశ్‌లో ఉన్నవి 175 సీట్లు, టికెట్ మన చేతిలో ఉండదు, ఒక్కో అభ్యర్థి ఖర్చుకు ఎన్నికల సంఘం పెట్టిన పరిమితే 40 లక్షలు. ఇక్కడ మీ భయంలో న్యాయం ఉంది. అయితే మీ వాడు ఎంచుకున్న వృత్తిని కూడా ఒకసారి చూడండి. ప్రభుత్వోద్యోగి పోటీ చేయాలంటే ముందే రాజీనామా ఇవ్వాలి. లాయరు ఓడిపోతే మర్నాడే నల్లకోటు వేసుకుని కోర్టుకు వెళ్లొచ్చు. గెలిచినా ప్రాక్టీస్ మానక్కర్లేదు, చట్టసభ సభ్యులు వకాల్తా వేయకుండా అడ్డుకునే నిబంధన లేదని 2018లో సుప్రీంకోర్టే చెప్పింది. మీవాడు ఎమ్మెల్యే కాకపోయినా లాయరుగా మిగులుతాడు. అది చిన్న విషయం కాదు.

ఇక కార్పొరేట్ గురించి. నేషనల్ లా యూనివర్సిటీలు మంచివే. నా అనుమానమల్లా మీరు వాటిని చూస్తున్న తీరు మీద. ఐదేళ్ల ఫీజులు లక్షల్లో ఉంటాయి. అప్పు చేసి చేర్పిస్తే, పట్టా చేతికొచ్చేసరికి ఈఎంఐ ఎదురుచూస్తుంటుంది. అది తీర్చడానికి ముంబైలోనో ఢిల్లీలోనో లా ఫర్మ్‌లో చేరాలి, రాత్రి పదకొండింటికి కూడా కంపెనీ ఒప్పందాల్లో క్లాజులు సరిచూస్తూ కూర్చోవాలి. ఆ పని ఇష్టమైనవాళ్లకు అది మంచి జీవితమే. జనంలో ఉండాలనుకునే కుర్రాణ్ని మాత్రం అది జనానికి దూరం చేస్తుంది. పదేళ్ల తర్వాత ఊరికొస్తే పలకరించేవాళ్లు ఎవరుంటారు?

తాలూకా కోర్టులో జూనియర్ సంగతి వేరు. పొద్దున్నే సీనియర్ చాంబర్‌కు వెళ్లేసరికి పాత అడంగల్ కాగితాలు ప్లాస్టిక్ కవర్లో పెట్టుకుని ఒక రైతు కూర్చుని ఉంటాడు. గట్టు తగాదా. కాగితాలు విప్పించి, సర్వే నంబరు సరిచూసి, ఏ ఆఫీసులో ఏది ఆగిందో కనుక్కుని, వాయిదా తేదీ డైరీలో రాసుకోవాలి. ఎమ్మెల్యే ఇంటి ముందు అర్జీలు పట్టుకుని నిలబడేదీ ఇలాంటివాళ్లే. చట్టం ఎక్కడ పనిచేస్తోందో, ఎక్కడ చేయడం లేదో ఇక్కడ తెలిసినట్టు ఏ క్లాసులోనూ తెలియదు. రేపు సభలో ఒక బిల్లు ముందుకొస్తే దాన్ని చదివి ప్రశ్న వేయగలిగేది ఇలా తయారైనవాడే.

మీరు రాసిన ఆ విశాఖ యూనివర్సిటీ పేరు దామోదరం సంజీవయ్యది. మీ కర్నూలు జిల్లా మనిషే. 1921లో పేద దళిత కుటుంబంలో పుట్టారు, మద్రాసులో లా చదివారు, 1960లో 38 ఏళ్లకే ముఖ్యమంత్రి అయ్యారు. ఆయన వెనుక ఏ రాజకీయ వంశం ఉందండీ? కాలం మారిందంటారా, మారింది, డబ్బు పెత్తనం పెరిగింది. అందుకని పదిహేడేళ్ల పిల్లాడు ప్రజల కోసం పనిచేస్తానంటే దాన్ని పిచ్చి అంటారా? రాజకీయాలు పాడైపోయాయని రోజూ టీవీ ముందు తిట్టేదీ మనమే, చదువుకున్న పిల్లలు వెళ్తానంటే కాళ్లు పట్టుకుని లాగేదీ మనమే. ఇంకెప్పుడూ వాడి ముందు ఆ మాట అనకండి.

మీరు అడిగిన పోలిక: వాడు లా ఖాయం అనుకుంటే ఐదేళ్ల కోర్సులో చేర్చండి, ఒక ఏడాది కలిసొస్తుంది. ఊగిసలాట ఉంటే ఎకనామిక్స్, పొలిటికల్ సైన్స్‌తో డిగ్రీ చేయనివ్వండి, మనసు మార్చుకునే వీలుంటుంది. ఏదైనా సరే, జూనియర్‌గా మొదటి రెండు మూడేళ్లు చేతికొచ్చేది దారి ఖర్చులకే సరిపోతుంది. పెద్ద ఫీజులకు దాచిన డబ్బులో కొంత ఆ రోజుల కోసం పక్కన పెట్టండి. పోటీ మాటకొస్తే, సర్పంచ్ పదవికి 21 ఏళ్లు చాలు. ఎమ్మెల్యే కంటే ముందు అక్కడ నేర్చుకోవచ్చు.

ఇంటర్ పరీక్షలు అయ్యాక, మే సెలవులకు కోర్టులు మూసేలోపు వారం రోజులు వాణ్ని మీ ఊరికి దగ్గర్లోని సివిల్ కోర్టుకు పంపండి. హాల్లో వెనక బెంచీలో కూర్చుని వినడానికి ఎవరి అనుమతీ అక్కర్లేదు. ఒకరోజు మీరూ వెళ్లండి. కోర్సు సంగతి ఆ తర్వాత ఇద్దరూ కూర్చుని తేల్చుకోండి.