బొంత మొదలెట్టేముందు ఇది చదువు

అమ్మీ,

ఉద్దానంలో కిడ్నీ జబ్బుతో పోయినోళ్ళ బట్టలన్నీ కలిపి బొంత కుడతామని నువ్వు ఫోన్లో చెప్పిన కాడ్నుంచి మనసు మనసులో లేదు. తిత్లీ తుఫాను మరుసటేడు మా వీధి ఆడోళ్ళం చిన్నది ఒకటి కుట్టాం కదా, అప్పుడు తెలిసొచ్చినవి రాస్తున్నాను.

ఇంటికెళ్ళగానే చొక్కా ఇవ్వండని అడిగెయ్యకు. కూర్చో, టీ ఇస్తే తాగు, మనిషి గురించి చెప్పనీ, బట్ట వాళ్ళే తెచ్చిస్తారు. దాన్ని ఉతకొద్దు. ఒకావిడ ఇచ్చిన లుంగీని నేను సబ్బు పెట్టి ఉతికి ఇస్త్రీ చేసి చూపిస్తే మొహానికి ఆనించుకుని "ఆయన వాసన పోయిందే" అంది, ఆ మాట ఇప్పటికీ గుచ్చుకుంటాది. జీడితోట పనోళ్ళ చొక్కాలకి జీడి మరకలుంటాయి, అవి కత్తిరించకు, మరక పైకి కనపడేలా వెయ్యి.

అడుగున పాత నూలు చీరలు మూడు నాలుగు మడతలు పరుచు, పాలిస్టర్ జారిపోద్ది. పేరు మాత్రం ఆ ఇంటోళ్ళే కుట్టాలి. చదువు రాకపోతే నువ్వు సుద్దతో రాయి, దానిమీద కుడతారు, వంకరపోయినా విప్పకు. మిషన్ మీద నీట్‌గా కొట్టేస్తామంటారు ఆడపిల్లలు, ఒప్పుకోకు.

అమెరికాలో ఎయిడ్స్‌తో పోయినోళ్ళకి ఇలాగే చేశారు, క్లీవ్ జోన్స్ అనే ఆయన మొదలెట్టాడు, ఒక్కో ముక్క మూడడుగుల వెడల్పు ఆరడుగుల పొడవు, అంటే మనిషిని పూడ్చే జాగా అంత. 1987 అక్టోబర్ 11న వాషింగ్టన్‌లో పరిస్తే 1,920 ముక్కలు, పేర్లన్నీ పైకి చదివారు. నువ్వూ అదే కొలత పెట్టు, రేపు సోంపేట, కంచిలి వాళ్ళు కుట్టుకొచ్చినా కలుపుకోవచ్చు.

పలాసలో 200 పడకల ఆసుపత్రి, కిడ్నీ పరిశోధన కేంద్రం 2023లో తెరిచారు, మంచిదే, కానీ ఈ జబ్బు ఎందుకొస్తందో ఇంకా గట్టిగా తేల్లేదు, మనం అడగాల్సింది అదే. సోమవారం కలెక్టరేట్ గ్రీవెన్స్‌కి బొంత పట్టుకెళ్ళి నలుగురూ నాలుగు మూలలు పట్టుకుని పేర్లు చదవండి, అర్జీ ఆ తర్వాతే. పార్టీవాళ్ళొస్తే జెండా పక్కన పెట్టి ఓ మూల పట్టుకోమను.

డయాలసిస్‌లో ఉన్నోళ్ళని బట్టలు అడక్కు, కుట్టడానికి పిలు, ఫిస్టులా చేతి మీద, అంటే డయాలసిస్ సూదులు గుచ్చే చేతి మీద, బరువు పడకుండా చూసుకో.

మీ మావయ్య పొట్టిచేతుల చొక్కా నా దగ్గరే ఉంది, డయాలసిస్‌కి అదే వేసుకెళ్ళేవారు. అప్పుడు ఇవ్వడానికి చెయ్యి రాలేదు. ఆదివారం రా, ఇస్తాను. పెద్ద సూదులు, దారం కొనకు, నా దగ్గరున్నాయి.

మీ అత్త,
కవిటి